న్యూయార్క్‌లో బేస్‌మెంట్ పోర్షన్: అద్దెకు చట్టబద్ధం చేయడం

న్యూయార్క్ నగరంలో, ముఖ్యంగా క్వీన్స్, బ్రూక్లిన్, బ్రాంక్స్ బరోల్లో, ఒకటి రెండు కుటుంబాల కోసం కట్టిన ఇళ్ల అడుగు అంతస్తుల్లో వేల కుటుంబాలు అద్దెకుంటున్నాయి. ఇలాంటి పోర్షన్లు సుమారు 50 వేలు ఉంటాయని, వాటిలో లక్ష మంది దాకా కాపురముంటారని తరచు వినిపించే అంచనా. ఇది అంచనాగానే ఉండిపోవడానికి కారణం ఉంది. వీటిలో ఎక్కువ భాగం అనుమతి లేనివి. అనుమతి లేని పోర్షన్ గురించి జనాభా లెక్కల మనిషికి ఓనరూ చెప్పడు, అద్దెకున్నవాడూ చెప్పడు. రాతకోతలు లేని అద్దె, విడిగా మీటరు లేని కరెంటు, పక్క సందులోంచి నాలుగు మెట్లు దిగి వెళ్లే గుమ్మం: ఇవీ దాని గుర్తులు. అలాంటి పోర్షన్‌ను చట్టం ఒప్పుకునే ఇల్లుగా మార్చాలంటే ఏం కావాలి, అది ఎందుకంత కష్టం, 2021 తర్వాత ఏం మారింది అన్నది ఈ వ్యాస విషయం.

బేస్‌మెంట్ వేరు, సెల్లార్ వేరు

వాడుకలో రెండూ ఒకటే. న్యూయార్క్ చట్టంలో మాత్రం ఈ రెండు మాటల మధ్య తేడా మీదే మొత్తం వ్యవహారం నడుస్తుంది. ఒక అంతస్తు ఎత్తులో కనీసం సగం వీధి కర్బ్ మట్టానికి పైన ఉంటే అది బేస్‌మెంట్. సగానికి మించి కిందికి దిగితే సెల్లార్. ఒకటి రెండు కుటుంబాల ఇళ్లలో బేస్‌మెంట్‌ను షరతుల మీద అద్దెకివ్వచ్చు. సెల్లార్‌ను అద్దెకివ్వడం చాలాకాలం పూర్తిగా నిషిద్ధం.

టేపు పట్టుకుని చూస్తే సంగతి తెలుస్తుంది. నేల నుంచి సీలింగ్ దాకా ఏడున్నర అడుగులున్న గదిని తీసుకోండి. అంటే 90 అంగుళాలు, సగం 45. ఫ్లోరు కర్బ్ కంటే 44 అంగుళాలు కిందుంటే అది బేస్‌మెంట్. 46 అంగుళాలు కిందుంటే సెల్లార్. అదే ఎండ, అదే కిటికీ, అదే బాత్‌రూమ్. వీధి కాస్త వాలుగా ఉన్నచోట, ఒకే మేస్త్రీ ఒకే ఏడాది కట్టిన వరస ఇళ్లలో ఎగువనున్నది ఒక మాట కిందికి, దిగువనున్నది రెండో మాట కిందికి రావచ్చు. రెండంగుళాల తేడాకి ఒక ఓనరు దరఖాస్తు పెట్టుకోగలడు, పక్కింటాయన పెట్టుకోలేడు.

తెలుగు పాఠకుడికి ఇక్కడ ఒక తికమక ఎదురవుతుంది. హైదరాబాద్‌లో సెల్లార్ అంటే అపార్ట్‌మెంట్ కింద బండ్లు పెట్టే చోటు. బేస్‌మెంట్ అంటే మేస్త్రీల వాడుకలో పునాది పైనుంచి ఫ్లోరు మట్టం దాకా లేచే కట్టుబడి. ‘బేస్‌మెంట్ లేపాం, ఇక గోడలే’ అంటారు. 2012 ఏప్రిల్‌లో వచ్చిన జీవో 168 ప్రకారం సెల్లార్ పార్కింగ్‌కే. జనరేటర్, ఏసీ ప్లాంట్ లాంటి అవసరాలకు పదిశాతానికి మించకుండా వాడుకోవచ్చు, అదీ మనుషులు కాపురముండని పనులకే. వాచ్‌మన్ కుటుంబం మంచం, పొయ్యి, పిల్లల పుస్తకాల సంచీ ఎన్ని అపార్ట్‌మెంట్ల అడుగున కనిపిస్తాయో నగరవాసులకు చెప్పనక్కర్లేదు. కాబట్టి కొడుకు క్వీన్స్ నుంచి ఫోన్ చేసి ‘బేస్‌మెంట్‌లో ఉంటున్నా’ అంటే ఇక్కడ తల్లికి కళ్లముందు మెదిలేది ఈ పార్కింగే. అక్కడిది మరో రకం.

పాత చరిత్ర

నేలలోపలి గదుల మీద న్యూయార్క్‌కు ఉన్న అనుమానం నిన్నటిది కాదు. పందొమ్మిదో శతాబ్దంలో వలస వచ్చిన పేదలు దిగువ మన్‌హాటన్‌లో సెల్లార్లలో కిక్కిరిసి ఉండేవారు. కలరా వచ్చినప్పుడల్లా ఆరోగ్యాధికారుల దృష్టి మొదట వాటి మీదే పడేది. 1867లో తొలి టెనెమెంట్ చట్టం, 1901లో దానికంటే చాలా గట్టిదైన మరో చట్టం వచ్చాయి. 1929లో రాష్ట్ర శాసనసభ మల్టిపుల్ డ్వెల్లింగ్ చట్టం చేసింది. మూడు అంతకంటే ఎక్కువ కుటుంబాలుండే ప్రతి ఇల్లూ దీని పరిధిలోకి వస్తుంది. ఈ చట్టం రాష్ట్ర రాజధాని అల్బనీలో పుట్టింది కాబట్టి నగర కౌన్సిల్ తనంతట తాను దాన్ని సడలించలేదు. ఈ చిన్న సంగతి తర్వాతి తొంభై ఏళ్ల కథను నడిపించింది.

1961 జోనింగ్ తీర్మానం మరో ముడి వేసింది. స్థలంలో ఎంత కట్టొచ్చనే లెక్కలో బేస్‌మెంట్ వైశాల్యం కలుస్తుంది, సెల్లార్‌ది కలవదు. బిల్డర్‌కు సెల్లార్ లాభం, అడుగులు మిగుల్తాయి. ఇంటి ప్లాన్‌లో ‘సెల్లార్: బాయిలర్, నిల్వ’ అనో ‘రిక్రియేషన్ రూమ్’ అనో రాయించేవారు. ఇంట్లోవాళ్లు టీవీ చూసుకోవడానికి, పిల్లలు ఆడుకోవడానికి ఆ గది తప్పు కాదు. అందులో స్టవ్ పెట్టి, తలుపుకి బయటినుంచి తాళం వేసుకునే ఏర్పాటు చేసి, ఇంకో మనిషికి ఇస్తేనే తప్పవుతుంది. ఇన్‌స్పెక్టర్లు వెతికేవీ అవే: అదనపు స్టవ్, గది గదికీ విడి తాళాలు, వాకిట్లో ఉండాల్సిన దానికంటే ఎక్కువ కాలింగ్ బెల్లులు.

గదికి ఏముండాలి

నగర హౌసింగ్ కోడ్ బేస్‌మెంట్ వాటాకు పెట్టే షరతులు చదివితే అందులో పెద్ద అన్యాయమేమీ కనిపించదు. సీలింగ్ కనీసం ఏడడుగుల ఎత్తుండాలి. ప్రతి గదికీ బయటి గాలి వచ్చే కిటికీ ఉండాలి. కిటికీ వైశాల్యం గది నేలలో పదోవంతుకు తగ్గకూడదు, అంటే పదికి పన్నెండడుగుల పడగ్గదికి పన్నెండు చదరపుటడుగుల కిటికీ. మట్టిని ఆనుకున్న గోడలకు చెమ్మ ఎక్కకుండా, నీరు ఊరకుండా కట్టుదిట్టం కావాలి. సొంత వంటగది, బాత్‌రూమ్ ఉండాలి. పొగ అలారం, కార్బన్ మోనాక్సైడ్ అలారం ఉండాలి. బాయిలర్‌ను మంటకు తట్టుకునే గోడలతో విడదీయాలి. ఆ ఊళ్లో బాయిలర్ ఉండేది ఆ అంతస్తులోనే, చాలాసార్లు పడగ్గది గోడకు ఆనుకునే. అందుకే ఈ చివరి షరతు కాగితం మీద కనిపించినంత తేలిక కాదు.

అన్నిటికంటే ముఖ్యం బయటపడే దారి. మెట్ల వైపు మంట లేచినా, నీళ్లు ముంచుకొచ్చినా మనిషి ఇంకో వైపునుంచి బయటికి రాగలగాలి. పడగ్గది కిటికీనే ఆ దారిగా చూపిస్తే అందులోంచి మనిషి దూరగలగాలి, దాని అంచు చేతికందే ఎత్తులో ఉండాలి, బయట బావిలాంటి గుంత ఉంటే దాన్ని ఎక్కి నేల మీదికి చేరే వీలుండాలి. పాత ఇళ్లలో ఈ కిటికీలు సీలింగ్‌కు అంటుకుని, అడుగు ఎత్తున, ఇనుప చువ్వలతో ఉంటాయి. దొంగల భయంతో బిగించిన ఆ చువ్వలే లోపలి మనిషికి ప్రాణాపాయం.

కాగితాల దారి

ఓనరు మొదట చూడాల్సింది సర్టిఫికెట్ ఆఫ్ ఆక్యుపెన్సీ, మన భాషలో ఓసీ. ఏ అంతస్తు దేనికి, ఇంట్లో ఎన్ని కుటుంబాలుండొచ్చు అన్నది అందులో రాసి ఉంటుంది. 1938కి ముందు కట్టిన ఇళ్లకు ఈ కాగితం అసలు ఉండకపోవచ్చు. అప్పుడు పాత రికార్డుల ఆధారంగా భవనాల శాఖ ఇచ్చే అభ్యంతరం లేదనే లేఖ పనికొస్తుంది. తర్వాత లైసెన్సున్న ఆర్కిటెక్టో ఇంజనీరో కొలతలు తీసి ప్లాన్ దాఖలు చేయాలి. గోడలు కొట్టే ముందు ఆస్‌బెస్టాస్ పరీక్ష జరగాలి. పైపుల పని లైసెన్సున్న ప్లంబరు, కరెంటు పని లైసెన్సున్న ఎలక్ట్రీషియను చేయాలి. తనిఖీలన్నీ అయ్యాక, కుటుంబాల సంఖ్య మార్చి కొత్త ఓసీ ఇస్తారు. ఆ కాగితం చేతికొచ్చాకే అద్దె చట్టబద్ధం.

ఇక్కడ మన అలవాటుకు విరుద్ధమైన సంగతి ఒకటుంది. ఉమ్మడి రాష్ట్రంలో 2007 చివర్లో వచ్చిన బీపీఎస్, తెలంగాణలో 2015లో వచ్చిన బీఆర్‌ఎస్ (పార్టీ కాదు, భవనాల క్రమబద్ధీకరణ పథకం) మనకు నేర్పిందేమిటంటే, కట్టేసిన దానికి ఫీజు కడితే అది సక్రమమవుతుందని. న్యూయార్క్‌లో జరిమానా కట్టడం వల్ల ఏదీ సక్రమం కాదు. జరిమానా వేరు, ఉల్లంఘన వేరు. కిటికీ పెద్దది చేసేదాకా ఉల్లంఘన పుస్తకంలో ఉంటుంది. అదనంగా మూడు అంతకుమించి అక్రమ పోర్షన్లు పెట్టినవారికి 2017 నుంచి ఒక్కో పోర్షన్‌కు కనీసం 15 వేల డాలర్ల జరిమానా.

మూడో కుటుంబం

ఇంతవరకూ చెప్పినవి డబ్బూ ఓపికా ఉంటే దాటగలిగేవి. అసలు చిక్కు గదిలో లేదు, లెక్కలో ఉంది.

క్వీన్స్‌లో రెండు కుటుంబాల ఇటుక ఇల్లు ఒకటి అనుకోండి. కింద ఓనరు, పైన అద్దె. అడుగున ఉన్న మంచి, ఎత్తైన, వెలుతురున్న బేస్‌మెంట్‌ను మూడో ఇల్లుగా చూపించిన మరుక్షణం ఆ భవనం మొత్తం ‘మల్టిపుల్ డ్వెల్లింగ్’ వర్గంలోకి పడిపోతుంది. అప్పుడు స్ప్రింక్లర్లు, మెట్ల చుట్టూ మంటను ఆపే గోడలు, తలుపులు లాంటి షరతులు మూడు అంతస్తులకూ వర్తిస్తాయి. బేస్‌మెంట్ బాగుచేసే ఖర్చు ఒకటైతే, బేస్‌మెంట్ వల్ల పైరెండు అంతస్తులకూ పెట్టాల్సిన ఖర్చు మరొకటి. ఒకే కుటుంబం ఇంటిలో రెండోదిగా చేర్చాలన్నా ఆ వీధి జోన్ రెండు కుటుంబాలను ఒప్పుకోవాలి. నిబంధన తెలియక అక్రమంగా అద్దెకిచ్చేవాళ్లు లేకపోలేదు. కానీ లెక్క వేసుకుని, దాఖలు చేయకపోవడమే మేలనుకున్నవాళ్లే ఎక్కువ. వాళ్లను దురాశాపరులనడం తేలిక. ఆ అద్దెతోనే ఇంటి లోను కట్టే టాక్సీ డ్రైవర్లు, నర్సులు వాళ్లలో చాలామంది.

ఈ వాదనను మొదటినుంచీ వినిపించినది జాక్సన్ హైట్స్ కేంద్రంగా దక్షిణాసియా వలసదారుల కోసం పనిచేసే ఛాయా సంస్థ. 2008లో ప్రాట్ సెంటర్‌తో కలిసి నగరం కింద దాగిన ఇళ్ల మీద నివేదిక తెచ్చింది. మూసేయడం కాదు, భద్రంగా మార్చడం కావాలని తోటి సంస్థలతో ఉద్యమం నడిపింది. నగరం వినడానికి పదేళ్లు పట్టింది.

ఈస్ట్ న్యూయార్క్ ప్రయోగం

బ్రూక్లిన్‌లోని ఈస్ట్ న్యూయార్క్, సైప్రస్ హిల్స్ ప్రాంతానికి మాత్రమే పరిమితంగా 2019లో స్థానిక చట్టం 49 వచ్చింది. కొన్ని నిబంధనలు సడలించి, ఓనరుకు 1,20,000 డాలర్ల దాకా వడ్డీ లేని లేదా స్వల్ప వడ్డీ అప్పు ఇస్తామన్నారు. 800 మందికి పైగా ఓనర్లు ఆసక్తి చూపారు. ఆదాయ పరిమితికి కొందరు, సీలింగ్ ఎత్తుకు కొందరు, పాత ఉల్లంఘనల చిట్టాకు మరికొందరు రాలిపోయారు. ఈలోగా 2020లో కోవిడ్ వచ్చి పథకం డబ్బు కోతకు గురైంది. చివరిదాకా నిలిచిన ఇళ్లు చేతివేళ్లకు మించలేదు. ప్రయోగం విఫలమైందని తీర్మానించినవాళ్లున్నారు. నా దృష్టిలో అది నేర్పిన పాఠం మరొకటి: అప్పు ఎంతిచ్చినా మూడో కుటుంబం నిబంధన అలాగే ఉంటే ఆ డబ్బు సరిపోదు.

2021 సెప్టెంబరు 1 రాత్రి

ఇడా తుఫాను అవశేషాలు ఆ రాత్రి నగరం మీదికి వచ్చాయి. సెంట్రల్ పార్క్‌లో ఒక్క గంటలో 3.15 అంగుళాలు, అంటే 80 మిల్లీమీటర్ల వాన కురిసింది. నగర మురుగు కాలువలు గంటకు 1.75 అంగుళాల వానను మోయడానికి కట్టినవి. పైగా నగరంలో సగానికి పైగా ప్రాంతంలో వాననీరు, మురుగునీరు ఒకే గొట్టంలో పోతాయి. గొట్టం నిండితే నీరు వెనక్కి తిరుగుతుంది. అది మొదట పైకి వచ్చేది అన్నిటికంటే కిందున్న బాత్‌రూమ్ తూములోంచే. బయట వీధి నీళ్లు మెట్ల మీదుగా దిగి తలుపును నెడితే, లోపలికి తెరుచుకోవాల్సిన తలుపు ఒక్కసారిగా ఊడిపోతుంది. బయటికి తెరుచుకోవాల్సినదైతే నీటి బరువుకు కదలదు.

ఆ రాత్రి నగరంలో 13 మంది చనిపోయారు. వాళ్లలో 11 మంది బేస్‌మెంట్, సెల్లార్ ఇళ్లలో ఉన్నవాళ్లు, ఎక్కువమంది క్వీన్స్‌వాళ్లు. రెండో దారి లేని గది అంటే ఏమిటో అప్పటిదాకా నిబంధనల పుస్తకంలో ఉన్న మాట. తర్వాత ఏడాది ఆగస్టులో సియోల్‌లో సగం నేలలోపలి ‘బంజిహా’ ఇంట్లో ఒక కుటుంబంలో ముగ్గురు ఇలాగే మునిగిపోయారు. 2024 జులైలో ఢిల్లీ ఓల్డ్ రాజిందర్ నగర్‌లో సివిల్స్ కోచింగ్ సెంటర్ బేస్‌మెంట్ లైబ్రరీలోకి నీరు చొచ్చుకొచ్చి ముగ్గురు విద్యార్థులు చనిపోయారు. అక్కడ గొడవ అద్దెది కాదు, నిల్వకు అనుమతించిన చోట మనుషుల్ని కూర్చోబెట్టడం. నీటికి ఈ తేడా లేదు.

2024 మార్పులు

ఇడా తర్వాత మాటలు చాలా నడిచాయి గానీ చేతలకు మూడేళ్లు పట్టింది. 2024 ఏప్రిల్‌లో రాష్ట్ర బడ్జెట్‌తోపాటు అల్బనీ ఒక వెసులుబాటు ఇచ్చింది: నగరంలో 15 కమ్యూనిటీ డిస్ట్రిక్టుల్లో, 2024 ఏప్రిల్ 20 నాటికే ఉన్న బేస్‌మెంట్, సెల్లార్ పోర్షన్లను సక్రమం చేసే ప్రయోగానికి అనుమతి. సెల్లార్ అన్న మాట చట్టంలో ఈ వైపు కనిపించడం పెద్ద మలుపే. కానీ ఆ పదిహేనిటిలో క్వీన్స్‌కు దక్కింది ఒక్కటే, సన్నీసైడ్, వుడ్‌సైడ్ ఉన్న రెండో డిస్ట్రిక్టు. జాక్సన్ హైట్స్, కరోనా, జమైకా, రిచ్‌మండ్ హిల్ బయటే మిగిలాయి. ఎవరి ప్రాంతం చేరాలో శాసనసభ్యుల బేరాలు తేల్చాయి తప్ప, నీళ్లెక్కడ వచ్చాయో ఎవరూ చూసినట్టు లేదు.

అదే ఏడాది డిసెంబరు 5న నగర కౌన్సిల్ 31-20 ఓట్లతో ‘సిటీ ఆఫ్ యెస్’ గృహ ప్యాకేజీని ఆమోదించింది. ఒకటి రెండు కుటుంబాల ఇళ్లకు 800 చదరపుటడుగుల లోపు అనుబంధ పోర్షన్ చేర్చుకోవచ్చంది. పెరట్లో చిన్న ఇల్లు, అటక మీద వాటా, అడుగున బేస్‌మెంట్ ఏదైనా సరే. ఓనరు అదే స్థలంలో నివసించాలి. వరద ముప్పున్న చోట నేలలోపలి కొత్త పోర్షన్లకు అనుమతి లేదు. తీరప్రాంత వరద పటంతోపాటు, భారీ వాన కురిస్తే ఏ వీధులు మునుగుతాయో చూపే పటం కూడా ఇందుకు లెక్కలోకి వచ్చింది. ఇడా నేర్పిన పాఠాల్లో చట్టంలోకి ఎక్కింది ఇదొక్కటే స్పష్టంగా. ఇళ్లు పలచగా ఉన్న కొన్ని జోన్లకు, చారిత్రక వీధులకు మినహాయింపులు అలాగే ఉన్నాయి. అలాంటి శివారు ప్రాంతాల కౌన్సిలర్ల ఓట్లు కావాలి మరి.

పదిహేను డిస్ట్రిక్టుల ప్రయోగాన్ని అమలుచేసే స్థానిక చట్టం 126లో ఒక తెలివైన ఏర్పాటుంది. ప్రాణభద్రతకు సంబంధించిన కనీస పనులు ముందు చేయిస్తే, మిగిలినవి పూర్తయ్యేదాకా తాత్కాలిక నివాస అనుమతి ఇస్తారు. మొత్తం పని ముగించడానికి పదేళ్ల దాకా గడువు.

ఖర్చు మాత్రం తగ్గలేదు. 2023 చివర్లో నగరం అనుబంధ పోర్షన్ల కోసం మొదలుపెట్టిన ప్లస్ వన్ పథకంలో మొదటి పదిహేను మంది ఓనర్లకు ఒక్కొక్కరికి 3,95,000 డాలర్ల దాకా అప్పు, సాయం ప్రకటించారు. ఒక్కో ఇంటికి ఎంతవుతుందని నగరమే అనుకుంటోందో ఈ అంకె చెబుతుంది.

ఒంటారియో దారి

తెలుగు విద్యార్థులు బేస్‌మెంట్ అన్న మాట ఎక్కువగా వాడే మరో చోటు టొరంటో, దాని పక్కనున్న బ్రాంప్టన్. అక్కడ ప్రభుత్వాలు మారినప్పుడల్లా చట్టం అటూ ఇటూ ఊగింది. 1994లో ఒంటారియో రాష్ట్రం అనుమతించింది, మరుసటి ప్రభుత్వం వెనక్కి తీసుకుంది. 2000లో టొరంటో తన పరిధిలో ఒప్పుకుంది. 2011లో రాష్ట్రం పట్టణాలన్నిటికీ అనుమతించక తప్పని పరిస్థితి కల్పించింది. పాత ఇళ్లకు సీలింగ్ ఎత్తు 1.95 మీటర్లు చాలు. రెండో ఇల్లు చేరినంత మాత్రాన భవనం మొత్తం వేరే వర్గంలో పడదు. సమస్యలు లేవని కాదు. ఒకే బేస్‌మెంట్‌లో పదిమంది విద్యార్థుల్ని కుక్కే ఓనర్ల మీద విసుగెత్తి బ్రాంప్టన్ 2024లో కొన్ని వార్డుల్లో అద్దె ఇళ్లకు లైసెన్సు ప్రయోగం మొదలుపెట్టింది. కానీ నిబంధన అందుకోగలిగే ఎత్తులో ఉంటే ఓనర్లు రిజిస్టర్ చేయించుకుంటారని అక్కడి అనుభవం.

అద్దెకున్నవారి సంగతి

సర్టిఫికెట్ లేని మల్టిపుల్ డ్వెల్లింగ్‌లో ఓనరు కోర్టుకెక్కి అద్దె వసూలు చేసుకోలేడని న్యూయార్క్ చట్టం. వినడానికి అద్దెదారుకు బలమే. వాడుకుంటే మాత్రం, నగర ఫిర్యాదుల నంబరు 311కు ఫోన్ చేస్తే, తలుపు మీద పడేది ఇల్లు ఖాళీ చేయమనే నోటీసు. ఇన్‌స్పెక్టరు వచ్చినప్పుడు తలుపు తీయకపోవడమే అందుకే ఇద్దరికీ అలవాటు. అధికారి ఒక చీటీ వదిలి వెళ్తాడు, మళ్లీ వస్తాడు, మళ్లీ తీయరు. ఖాళీ చేయించినవారికి మొదటి రెండు మూడు రోజులు రెడ్‌క్రాస్ వసతి చూపిస్తుంది, ఆపైన నగర గృహశాఖ ఆశ్రయాలే దిక్కు.

2024 చట్టం ఈ భయాన్ని కొంత తగ్గించాలని చూసింది. పని కోసం ఖాళీ చేసిన అద్దెదారుకు, అది పూర్తయ్యాక అదే పోర్షన్‌కు తిరిగి వచ్చే మొదటి హక్కు రాసింది. ఆ హక్కు అడగాలంటే తాను అక్కడ ఉన్నట్టు చూపించాలి. అగ్రిమెంటు లేదు, కరెంటు బిల్లు ఓనరు పేరిట ఉంది, ఉత్తరాలు పైఇంటి డబ్బాలోకే వస్తాయి, అద్దె ప్రతినెలా ఒకటో తారీఖున కవర్లో పెట్టి చేతికిచ్చింది.